తలగుడ్డ పాప ఎవరు?

ఈ నెల ఉత్తరాల్లో సగం డాక్యుమెంటరీల గురించే. అందులోనూ సగం నన్ను తప్పు పట్టినవి. కాబట్టి ముందు అక్కణ్నుంచే మొదలుపెడతాను.

ప్రశ్న: అమ్మా, గత నెల నాజీ కాలం డాక్యుమెంటరీల గురించి రాస్తూ, రైలు పెట్టె తలుపు సందులోంచి బయటికి చూసే పాపను ‘యూదు బాలిక’ అన్నారు. ఆ అమ్మాయి యూదు కాదని నేను చదివాను. ఏది నిజం?

జవాబు: మీరు చదివిందే నిజం. తప్పు నాది. ముప్పై ఏళ్లు ఎడిటింగ్ టేబుల్ ముందు కూర్చున్న దాన్ని. ఆ షాట్‌ను ఎన్నిసార్లు ముందుకీ వెనక్కీ తిప్పి చూశానో లెక్క లేదు. అయినా చేతికి అలవాటైన మాట రాసేశాను. యాభై ఏళ్లపాటు ప్రపంచమంతా ఇదే తప్పు చేసిందని చెప్పి తప్పించుకోవచ్చు గానీ, దాన్ని సరిదిద్ది కూడా ముప్పై ఏళ్లయింది. కాబట్టి ఆ సాకు నాకు చెల్లదు.

చూడనివాళ్ల కోసం చెబుతాను. షాట్ నిడివి ఏడు సెకన్లు. సరుకు రవాణా చేసే రైలు పెట్టె. తలుపు ఇంకా పూర్తిగా మూయలేదు. ఆ సందులో ఒక పాప. తలకు తెల్లగుడ్డ గట్టిగా చుట్టి ఉంటుంది. నోరు కొంచెం తెరిచి ఉంటుంది. ఏడవడం లేదు. ఎటో చూస్తోంది. అంతే. ఈ ఏడు సెకన్లను ఎన్ని సినిమాల్లో, ఎన్ని పుస్తకాల అట్టల మీద వాడుకున్నారో! కింద పేరుండదు. యూదుల మారణహోమానికి గుర్తుగా ఒక ముఖం కావలసి వచ్చింది, ఈ ముఖం దొరికింది.

అది నెదర్లాండ్స్‌లోని వెస్టర్‌బోర్క్ శిబిరం. అక్కడి కమాండెంట్ గెమ్మెకర్ తన శిబిరం ఎంత బాగా నడుస్తోందో చూపించుకోవడానికి 1944లో సినిమా తీయించాడు. కెమెరా పట్టింది అక్కడి ఖైదీయే, రుడాల్ఫ్ బ్రెస్లావర్ అనే యూదు ఫొటోగ్రాఫర్. తర్వాత కొన్ని నెలలకే అతన్నీ కుటుంబంతో సహా రైలెక్కించారు. అతను తిరిగి రాలేదు.

ఆ పాప ఎవరో కనుక్కోవాలని 1990ల మొదట్లో ఆద్ వాగెనార్ అనే డచ్చి పాత్రికేయుడు పట్టుబట్టాడు. ఇక్కడి నుంచి నాలాంటి ఎడిటర్‌కు ప్రాణం లేచొచ్చే కథ. అదే ఫుటేజ్‌లో నడవలేని ఒకామెను బండి మీద తోసుకెళ్తుంటారు. ఆమె సామాను పెట్టె మీద పేరు, పుట్టిన తేదీ రాసి ఉన్నాయి. ఆ అక్షరాలను రవాణా జాబితాలతో సరిచూస్తే ఆ రైలు 1944 మే 19న బయలుదేరిందని తేలింది. ఆ రోజు రైల్లో యూదులతో పాటు 245 మంది సింతీ, రోమా జనం ఉన్నారు. మనం ‘జిప్సీలు’ అని ఒక్క మాటలో తేల్చేసే జనం. (వాళ్ల మూలాలు మన ఉపఖండంలోవే. వాళ్ల భాషలో నీళ్లను ఇప్పటికీ ‘పానీ’ అనే అంటారు.) వాగెనార్ బతికి బయటపడిన సింతీలను వెతుక్కుంటూ వెళ్లాడు. అదే రైలు పెట్టెలో ప్రయాణించిన ఒకావిడకు గుర్తుంది: పాప తలుపు దగ్గర నిలబడి చూడటం, అక్కణ్నుంచి ఇవతలికి రమ్మని తల్లి కేకేయడం.

సెట్టెలా స్టైన్‌బాక్. తొమ్మిదేళ్లు. సింతీ పిల్ల. శిబిరంలో జుట్టు గొరిగేశారు కాబట్టి తలకు ఆ గుడ్డ. ఆ వేసవిలోనే తల్లీ, తోబుట్టువులతో పాటు ఆష్విట్జ్‌లో చంపేశారు. పేరు బయటపడింది 1994లో.

ఇందులో నన్ను ఇప్పటికీ గుచ్చేది ఒకటుంది. 1943కు ముందు సింతీ, రోమాలపై జరిగింది జాతి పీడన కాదు, నేరాల నివారణ కోసం తీసుకున్న చర్య అని 1956లో పశ్చిమ జర్మనీ అత్యున్నత న్యాయస్థానం తీర్పిచ్చింది. దాంతో బతికి వచ్చినవాళ్లలో చాలామందికి పరిహారం అందలేదు. అది మారణహోమమేనని పశ్చిమ జర్మనీ ప్రభుత్వం ఒప్పుకున్నది 1982లో. ఒక పక్క ఆ పిల్ల ముఖం ముందు ప్రపంచం తల వంచుతోంది. ఇంకో పక్క ఆ పిల్ల మేనత్తలు, మేనమామల వయసువాళ్లు ఆఫీసుల్లో నిలబడి, మమ్మల్నీ ఆ రైలెక్కించారయ్యా అని రుజువులు చూపించుకుంటున్నారు. నేను ఆ తప్పుడు మాట రాసింది ఇదంతా తెలిసే. అందుకే మీకు రెండుసార్లు థాంక్స్.

ప్రశ్న: మేడమ్, మీరు చెప్పారని యూదుల మారణహోమం మీద తీసిన డాక్యుమెంటరీ ‘షోవా’ చూడటానికి కూర్చున్నాను. మూడో గంటలో నిద్రపోయాను. పాత ఫుటేజ్ ఒక్క ముక్క లేదు. రైళ్లు, చెట్లు, మాట్లాడే ముసలివాళ్లు. పైగా ప్రతి మాటా అనువాదం. తొమ్మిదిన్నర గంటల సాగదీత ఎందుకు?

జవాబు: నిద్రపోయినందుకు సిగ్గుపడకండి, నేనూ పోయాను. మొదటిసారి ఒక్కరోజులో చూడాలనుకోవడమే పొరపాటు. రోజుకు రెండు గంటల చొప్పున చూడండి.

మీరు విసుక్కున్న అనువాదం సంగతే తీసుకుందాం. దర్శకుడు క్లాడ్ లాంజ్మన్ ఫ్రెంచిలో అడుగుతాడు. దుబాసీ అమ్మాయి దాన్ని పోలిష్‌లో చెబుతుంది. పోలండ్‌లోని ఏదో ఊరి మనిషి జవాబిస్తాడు. ఆమె మళ్లీ ఫ్రెంచిలోకి మారుస్తుంది. ఇంకే ఎడిటర్‌ అయినా మధ్యలోదంతా కత్తిరించేసేవాడు, నేనైతే మొదటి రోజే కత్తిరించేదాన్ని. అతను ఉంచాడు. ఉంచడం వల్ల ఏమవుతుందో చూడండి: మాట అర్థం కాకముందే ఆ మనిషి ముఖం మన ముందుంటుంది. నవ్వుతూ ఏదో అంటాడు. ఆ నవ్వు మనం చూశాక, అయిదు సెకన్లు ఆగి, అతను నవ్వుతూ చెప్పింది ఏమిటో తెలుస్తుంది. ఆ అయిదు సెకన్లలో మన కడుపులో కలిగే తిప్పుడు ఉంది చూశారూ, అది సబ్‌టైటిల్‌తో రాదు.

ఇక పాత ఫుటేజ్. గ్యాస్ గదుల్లో జరిగిన హత్యలను చూపించే సినిమా అంటూ లేదు. ఆ కాలపు మిగతా ఫుటేజ్‌లో చాలా భాగం చంపినవాళ్లు, లేదా వాళ్ల ఆజ్ఞ మీద తీసినది. పైన చెప్పిన వెస్టర్‌బోర్క్ సినిమా కూడా అలాంటిదే కదా. యూదులను బంధించి ఉంచిన వార్సా ఘెట్టోలో 1942లో నాజీ సిబ్బంది తీసిన రీళ్లను దశాబ్దాల పాటు ఉన్నదున్నట్టు తీసిన దృశ్యాలుగా వాడుకున్నారు. 1998లో ఇంకో రీలు దొరికింది. అందులో అదే వీధి, అదే మనుషులు, అదే దృశ్యం మళ్లీ మళ్లీ తీశారు. సుఖంగా ఉన్న ధనిక యూదులు, పక్కనే ఆకలితో ఉన్న పేదలు అని చూపించడానికి టేకుల మీద టేకులు! దర్శకురాలు యాయెల్ హెర్సోన్‌స్కీ ఆ రీళ్లను ఘెట్టోలో బతికినవాళ్లకే చూపించి, చూస్తున్న వాళ్ల ముఖాలను తీసి 2010లో ఒక డాక్యుమెంటరీ చేసింది. అది రెండు గంటలు కూడా ఉండదు. మీకు అదే ముందు పనికొస్తుందేమో.

కానీ ‘షోవా’ను వదిలేస్తే మంగలి దుకాణం సీను పోతుంది. ఏబ్రహామ్ బోంబా ట్రెబ్లింకా అనే నాజీ మరణ శిబిరంలో గ్యాస్ గదికి వెళ్లే ఆడవాళ్ల జుట్టు కత్తిరించిన మనిషి. లాంజ్మన్ ఇజ్రాయెల్‌లో ఒక మంగలి దుకాణం అద్దెకు తీసుకుని, బోంబా చేతికి కత్తెర ఇచ్చి, కుర్చీలో ఒక మనిషిని కూర్చోబెట్టి మాట్లాడించాడు. బోంబా మొదట్లో వార్తలు చదివినట్టే చెబుతాడు. ఎన్ని బెంచీలు, ఎంతమంది మంగళ్లు, ఎన్ని నిమిషాలు. కత్తెర ఆగదు. తనతో పనిచేసే ఒక మంగలి భార్య, చెల్లెలు ఆ గదిలోకి వచ్చిన రోజు దగ్గరికి వచ్చేసరికి గొంతు పోతుంది. తువ్వాలుతో ముఖం తుడుచుకుంటాడు. చెప్పలేనంటాడు. లాంజ్మన్ వదలడు, చెప్పాలి అంటాడు. అది క్రూరత్వమా కాదా అన్నదాని మీద ఇప్పటికీ కొట్లాటే. నాకైతే సగం క్రూరత్వమే అనిపిస్తుంది. కానీ చేతిలో కత్తెర లేకుండా, సోఫాలో కూర్చుని ఉంటే బోంబా ఆ బెంచీల లెక్క దగ్గరే ఆగిపోయేవాడు. చేసిన పని చేతికి గుర్తుంటుంది, చేయి నోటిని లాక్కొస్తుంది.

ప్రశ్న: ఒకటిన్నర స్పీడులో పెట్టుకుని చూడొచ్చా?

జవాబు: భేషుగ్గా. ఆరుంపావు గంటల్లో అయిపోతుంది. కాకపోతే అది వేరే సినిమా.

ప్రశ్న: కంబోడియా మారణహోమం మీద మట్టిబొమ్మలతో తీసిన సినిమాను డాక్యుమెంటరీ అంటున్నారు. బొమ్మలతో తీస్తే అది కల్పన కాదా? సాక్ష్యం ఎలా అవుతుంది?

జవాబు: మీరడుగుతున్నది రితీ పాన్ 2013లో తీసిన ‘ది మిస్సింగ్ పిక్చర్’ గురించి. 1975 ఏప్రిల్‌లో ఖ్మేర్ రూజ్ అనే కమ్యూనిస్టు దళం వాళ్లు ప్నోమ్ పెన్ నగరాన్ని ఖాళీ చేయించినప్పుడు అతను పిల్లవాడు. ఆకలితో, రోగాలతో తల్లిదండ్రులను, తోబుట్టువులను కళ్లముందే పోగొట్టుకున్నాడు. నాలుగేళ్లు కూడా నిండని ఆ పాలనలో పదిహేను లక్షలకు పైగా జనం పోయారు.

ఆ కాలం ఫుటేజ్ లేకపోలేదు, ఉంది. ప్రభుత్వమే తీయించుకుంది. వేలమంది వరసలు కట్టి తట్టల్లో మట్టి మోసే దృశ్యాలు. ఆకలి మాత్రం ఎక్కడా లేదు. అంటే ఉన్న చిత్రం అబద్ధం, నిజాన్ని చూపే చిత్రం లేదు. అప్పుడేం చేయాలి? నటులను పెడితే అది సినిమా ఆకలి అవుతుంది. అందుకని మట్టితో మనుషులను చేయించాడు. అరచేతిలో పట్టేంత బొమ్మలు. అవి కదలవు, గమనించారా? కదిలేది కెమెరా ఒక్కటే. కదిలిస్తే మనం వాటి నటన చూసేవాళ్లం. కదలవు కాబట్టి ఇది బొమ్మ అన్న సంగతి ఒక్క క్షణం కూడా దాచిపెట్టలేదు. నకిలీ రీలుకూ దీనికీ తేడా అక్కడుంది. వార్సాలో టేకులు తీసినవాళ్లు టేకులను దాచారు.

సాక్ష్యం కావాలంటే అతనిదే ఇంకొకటి చూడండి, 2003లో తీసిన ‘ఎస్-21’. ప్నోమ్ పెన్‌లో ఒకప్పటి బడి. దాన్ని జైలు చేసి వేలమందిని హింసించి చంపడానికి పంపారు. ప్రాణాలతో బయటపడినవాళ్లు వేళ్ల మీద లెక్కపెట్టేంతమంది. వాళ్లలో ఒకరైన చిత్రకారుడు వాన్ నాత్‌ను, అక్కడ కాపలా కాసినవాళ్లను అదే భవనానికి తీసుకొచ్చాడు. ఒక కాపలావాడు రాత్రి డ్యూటీ ఎలా చేశాడో చేసి చూపిస్తాడు. ఖాళీ గదిలోకి పోతాడు, లేని మనిషిని గద్దిస్తాడు, లేని తాళం లాగి చూస్తాడు, లేని డబ్బా అందిస్తాడు, బయటికొచ్చి తలుపేస్తాడు. మామూలుగా మాట్లాడమంటే తడబడే మనిషి, ఒళ్లు కదిలేసరికి పాతికేళ్ల కిందటి గొంతులో అరుస్తాడు. కెమెరా మాత్రం గదిలోకి పోదు. కిటికీ బయటే ఉండి చూస్తుంది. లోపలికి వెళ్తే నేల మీద పడుకున్న ఖైదీలను తొక్కినట్టవుతుందని రితీ పాన్ తర్వాత చెప్పాడు. గది ఖాళీ అని అతనికి తెలియదా? కెమెరా ఎక్కడ పెట్టాలి అనే ప్రశ్నకు ఇంతకన్నా మంచి జవాబు నేను వినలేదు.

ప్రశ్న: ఎప్పుడో జరిగిపోయినవి తవ్వి తీసి ఏం సాధిస్తారు? మానిన గాయాన్ని కెలకడం కాదా? పైగా ఈ సినిమాలన్నీ ఒక పక్షమే చెబుతాయి.

జవాబు: మానిందని చెప్పింది ఎవరో కాస్త చూద్దాం. ఇండొనేషియాలో 1965-66లో కమ్యూనిస్టులనే ముద్ర వేసి కనీసం అయిదు లక్షల మందిని చంపారు. చంపినవాళ్లు చాలా ఊళ్లలో పెద్దమనుషులుగా స్థిరపడ్డారు. మీరు రెండో పక్షం వినాలంటున్నారు కదా, జాషువా ఒపెన్‌హైమర్ 2012లో అచ్చంగా ఆ పక్షంతోనే సినిమా తీశాడు. హంతకులే తాము ఎలా చంపారో ఉత్సాహంగా నటించి చూపిస్తారు. ఆ సినిమా చివర పేర్లు వేసేచోట చూడండి. స్థానిక సిబ్బందిలో చాలామంది పేర్ల దగ్గర ‘అనామకుడు’ అనే ఉంటుంది. మానిన గాయమైతే 2012లో కూడా పేరు వేసుకోవడానికి అంత భయం ఎందుకు?

రెండేళ్ల తర్వాత వచ్చిన ‘ది లుక్ ఆఫ్ సైలెన్స్’ నాకు ఇంకా ఇష్టం. అందులో ఆది అనే మనిషి ఊరూరా తిరిగి కళ్లద్దాలు అమరుస్తాడు. అతను పుట్టకముందే అన్నను చంపేశారు. చంపినవాళ్లు ముసలివాళ్లయ్యారు, వాళ్లకూ చూపు మందగించింది. ఆది వాళ్ల కళ్లకు పరీక్ష ఫ్రేము తగిలిస్తాడు. ఒక అద్దం తీసి ఇంకోటి పెడతాడు. ఇది బాగా కనబడుతోందా, ఇందాకటిదా? అదే గొంతుతో, 65లో మీరేం చేశారు అని అడుగుతాడు. ఆ ముసలాయన తల కదపలేడు, ముక్కు మీద బరువైన ఫ్రేము ఉంది. అడిగేవాడి వేళ్లు కంటి దగ్గరే ఉన్నాయి. అరుపుల్లేవు.

ఆ సినిమాలో ‘గతం గతః’ అన్న మాట రెండు వైపులా వినిపిస్తుంది. బాధితుల ఇళ్లలో అది భయంతో వచ్చే మాట. ఎదుటివాళ్ల ఇళ్లలో అది బెదిరింపు. మీ ప్రశ్న ఏ ఇంటి నుంచి వచ్చిందో నాకు తెలియదు గానీ, ఈ సినిమా బయటికి రాకముందే ఆది కుటుంబం ఊరు మారాల్సి వచ్చింది. 2023 జనవరిలో ఇండొనేషియా అధ్యక్షుడు ఆ హత్యలను తీవ్రమైన మానవ హక్కుల ఉల్లంఘనగా ఒప్పుకుని విచారం ప్రకటించాడు. క్షమాపణ మాత్రం అడగలేదు.

ప్రశ్న: అమ్మా, మా నాయనమ్మకు ఎనభై ఏడేళ్లు. ఆమె చిన్నప్పుడు వాళ్ల జనాన్ని ఒక్క రాత్రిలో ఊరి నుంచి తరిమేశారు. ఎవరు, ఎక్కడ అన్నది ఇక్కడ రాయలేను. ఫోన్‌తో రికార్డు చేద్దామని కూర్చుంటే ‘ఏముందిరా చెప్పడానికి’ అంటుంది. ఎలా అడగాలి? చాలా టెన్షన్‌గా ఉంది, ఎంతకాలం ఉంటుందో తెలియదు.

జవాబు: బాబూ, ముందు నేను చేసిన వెధవపని చెబుతాను. పనిలో చేరిన కొత్తలో, ఇలాగే తరిమివేతకు గురైన ఒక పెద్దావిడ ఇంటర్వ్యూ నా టేబుల్ మీదికి వచ్చింది. బయలుదేరేటప్పుడు తలుపు ఎవరు వేశారని అడిగారు. ఆవిడ జవాబివ్వలేదు. నలభై సెకన్లు. చీర అంచు మడత పెట్టింది, విప్పింది, మళ్లీ మడత పెట్టింది. తర్వాత ‘వేయలేదు’ అంది. మాకిచ్చిన టైము ఇరవై ఆరు నిమిషాలు. నేను ఆ నలభైని నాలుగు చేశాను. ఎంత చక్కగా అతికిందో అని మురిసిపోయాను కూడా. పూర్తయ్యాక ఆవిడకు చూపించాం. అంతా చూసి, ‘నేను ఇక్కడ కాసేపు ఆగాను కదమ్మా, అదేదీ?’ అంది. ఆ ఫిల్ము ముక్క కోసం వెళ్తే చెత్తడబ్బా అప్పటికే ఖాళీ చేశారు.

కాబట్టి మీ నాయనమ్మ మాట్లాడకపోతే ఫోన్ ఆపకండి. మీరూ మాట్లాడకండి. స్టాండు మీద పెట్టి మరిచిపోండి, ఆమె మిమ్మల్ని చూస్తూ మాట్లాడాలి, ఫోన్‌ను కాదు. ‘అప్పుడు నీకెలా అనిపించింది’ అని మాత్రం అడగొద్దు. ఆ ప్రశ్నకు ఎవరైనా ‘ఏముందిరా’ అనే అంటారు. చేతిలో ఏముంది? నీ చెయ్యి ఎవరు పట్టుకున్నారు? కాళ్లకు చెప్పులున్నాయా? కుక్క వెంట వచ్చిందా? ఇలాంటివి అడగండి. తేదీలు తప్పు చెబితే దిద్దకండి, తేదీలు ఇంకెక్కడైనా దొరుకుతాయి. ‘ఇక చాలు’ అన్నాక కూడా ఇంకో పది నిమిషాలు రికార్డింగ్ నడవనివ్వండి, ఆ సంగతి మాత్రం ఆమెకు ముందే చెప్పి. అయ్యాక మొదట ఆమెకే చూపించండి. ఇది తీసెయ్ అంటే తీసెయ్యాలి. మీకెంత బాధైనా సరే.

ఇంకొకటి. పట్రీసియో గుస్మాన్ చిలీ ఎడారి మీద 2010లో తీసిన సినిమాలో ఒక ఆర్కిటెక్ట్ ఉంటాడు, మిగెల్ లావ్నర్. సైనిక నియంత పినోచే నిర్బంధ శిబిరాల్లో ఉన్నాడు. పగలు నడుస్తూ అడుగులతో కొలిచేవాడు, గది ఇన్ని అడుగులు, కంచె ఇన్ని అడుగులు అని. రాత్రి గీసుకుని, సోదాల భయంతో ఆ కాగితాలను చించి పారేసేవాడు. దేశం వదిలి డెన్మార్క్ చేరాక మొత్తం శిబిరాన్ని కొలతలతో సహా తిరిగి గీశాడు. కాగితం పోయినా అడుగులు పోలేదు.

మీ నాయనమ్మను ఆ ఇల్లు ఎంత పెద్దదో అడగండి. గుమ్మం నుంచి పొయ్యి దగ్గరికి ఎన్ని అడుగులు? ఆమె లేచి వేసి చూపిస్తే చూపించనివ్వండి, లేవలేకపోతే బల్ల మీద వేలితో గీస్తుంది. ఫ్రేములోంచి బయటికి నడిచిపోయినా కెమెరా తిప్పకండి. అడుగుల చప్పుడు మైకులో పడుతుంది, ఆమె లెక్కపెట్టడం కూడా.